గోదారి దాటిన తీగలు: నూట డెబ్భై ఏళ్ల అతుకుల చరిత్ర

ధవళేశ్వరం ఆనకట్ట 1852లో పూర్తయింది. ఇంకో రెండేళ్లకు, 1854లో, డబ్బు కట్టి టెలిగ్రాము పంపుకునే వీలు ఈ దేశంలో మామూలు జనానికి కలిగింది. ఆనకట్ట సంగతి గోదావరి జిల్లాల్లో చంటిపిల్లలక్కూడా తెలుసు. దాన్ని కట్టించిన కాటన్ దొర విగ్రహాలు ఊరూరా కనిపిస్తాయి. గోదారి స్నానానికి సంకల్పం చెప్పేటప్పుడు ఆయన పేరు కూడా తలిచే పురోహితులున్నారు. తీగకు ఆ యోగం పట్టలేదు. కాలవలో నీరు కళ్లెదుట పారుతుంది, చేను పండిస్తుంది. తీగలో పారేది కనపడదు. అది తెగిన రోజునే అక్కడ అదొకటి ఉందని గుర్తొస్తుంది.

ఇన్నేళ్లలో ఆ తీగ మూడు అవతారాలెత్తింది: ఇనుము, రాగి, గాజు. తీగను ఎక్కడో కార్ఖానాలో కొలతలు చూసి, పరీక్షలు చేసి, డ్రమ్ముకు చుట్టి పంపుతారు. అతుకు మాత్రం ఏ గట్టు మీదో, ఏ కల్వర్టు పక్కనో, ఎండలోనో వానలోనో మనిషి చేత్తో పడాలి. లైను ఎన్నాళ్లు నిలబడుతుందన్నది అక్కడే తేలుతుంది. ప్రభుత్వ ప్రకటనలు మొదట్నుంచీ కిలోమీటర్లే లెక్కపెట్టాయి. ఎన్ని అతుకులు వేశాం, అందులో ఎన్ని పదేళ్ల తర్వాత కూడా బాగున్నాయి అని చెప్పిన మంత్రిని నేను చూడలేదు. అందుకే ఇది తీగల వెంట నడుస్తూ అతుకు అతుకు దగ్గరా ఆగే చరిత్ర.

మొదలు కలకత్తాలో. విలియం ఓషానెసీ అనే వైద్యుడు, రసాయన శాస్త్రం బోధించే ప్రొఫెసరు, 1839లో అక్కడి బొటానికల్ గార్డెన్ దగ్గర తీగలు కట్టి సంకేతాలు పంపి చూశాడు. హుగ్లీ నది అడుగున కూడా తీగ వేశాడు. నీళ్లలోకి కరెంటు పోకుండా తీగకు తారు పూసి, చీల్చిన పేము మధ్య ఇరికించి, పైన తారు పట్టించిన తాడు చుట్టాడు. ఆ తర్వాత కలకత్తా నుంచి డైమండ్ హార్బరు దాకా వేసిన మొదటి లైనులో ఆయన వాడింది సన్న తీగ కూడా కాదు, అంగుళంలో మూడు బై ఎనిమిదో వంతు మందం ఉన్న ఇనుప కడ్డీ. కోతులు వేలాడినా, గద్దలు వాలినా, గాలివానకు కొమ్మ విరిగి పడినా తట్టుకోవాలని. కడ్డీకి కడ్డీ అతకడం పూర్తిగా కమ్మరి పని: కొలిమి, సుత్తి, దాగలి. మన దేశంలో సమాచార లైనుకు మొదటి అతుకు వేసింది ఇంజనీరు కంటే ముందు కమ్మరే అయివుంటాడు.

మద్రాసు నుంచి కలకత్తాకు కోస్తా దారి పట్టినవాడికి పెద్ద అడ్డం గోదావరి. 1890ల్లో తూర్పు కోస్తా రైలు వచ్చాక కూడా కొవ్వూరు ఒడ్డున బండి దిగి పడవలో దాటాల్సి వచ్చేది. 1900లో హేవ్‌లాక్ వంతెన తెరిచారు. 56 ఖానాల ఆ వంతెన మీద 1997 దాకా రైళ్లు నడిచాయి. రైలు స్టేషన్లు ఒకదానితో ఒకటి మాట్లాడుకోకుండా బండి కదలదు కనుక పట్టాల వెంట తీగ నడవడం అప్పటి రివాజు. రైలుకు వంతెన పడిన చోటే తీగకూ దారి దొరికింది. నదిని తీగ ఎక్కడ దాటాలో వంతెనలు నిర్ణయించడం అప్పట్నుంచీ ఉన్నదే. ఈ మాట చివర్లో మళ్లీ పనికొస్తుంది.

ఇనుప కడ్డీ పోయి జింకు పూత పూసిన ఇనుప తీగ వచ్చాక అతుకు కమ్మరి చేతిలోంచి లైన్‌మన్ చేతికి మారింది. దానికి బ్రిటానియా జాయింట్ అని పేరు. రెండు తీగల కొసలను పక్కపక్కన పెట్టి, చివరలు కాస్త పైకి వంచి, సన్న తీగతో సందు లేకుండా బిగించి చుట్టి, దాని మీద టంకం కరిగించి పోయడం. చూడ్డానికి సులువు. సముద్రపు గాలి తగిలే కాకినాడ, నరసాపురం వైపు ఇదే పరీక్ష. టంకం సరిగా పారని చోట ఉప్పు తేమ దూరి తుప్పు మొదలయ్యేది, తుప్పుతో నిరోధం పెరిగేది. తీగ తెగదు, మాట అందదు. తెగిన తీగను వెతకడం తేలిక, సగం చచ్చిన అతుకును వెతకడం కష్టం. ఇనుము నుంచి గాజు దాకా మారనిది ఈ బాధ ఒక్కటే.

టెలిఫోను వచ్చాక పట్టణాల్లో స్తంభాల మీద తీగలు పెరిగిపోయి, కేబుల్ భూమిలోకి దిగింది. లోపల వందల జతల రాగి తీగలు, ఒక్కోదానికి కాగితం చుట్టు, అన్నిటికీ కలిపి పైన సీసపు తొడుగు. కాగితానికి తేమ తగిలితే కేబుల్ పోయినట్టే. డెల్టాలో గొయ్యి తవ్వితే చాలు ఊట వస్తుంది. అలాంటి నేలలో కాగితపు కేబుల్‌ను అతకడమంటే సాహసమే. టెలిఫోన్ శాఖలో కేబుల్ స్ప్లైసర్ అని ప్రత్యేకంగా ఒక ఉద్యోగమే ఉండేది. గొయ్యి మీద గుడారం వేసుకుని, జతకు జత కలిపి, కాగితపు గొట్టాలు తొడిగి, వేడి పారఫిన్ మైనం పోసి తేమను తరిమి, పైన సీసపు తొడుగు మూసి, రెండు చివరలా కరిగిన సీసం-తగరం మిశ్రమాన్ని గరిటెతో పోస్తూ, కొవ్వు పట్టించిన గుడ్డతో అరచేతి కింద తుడుస్తూ నున్నటి గుబ్బలా దిద్దేవాడు. ఆ మిశ్రమం గట్టిపడీ పడకుండా ఉండే కాసేపట్లోనే చెయ్యి ఆడాలి. ముందు పోస్తే జారిపోతుంది, ఆలస్యమైతే పగుళ్లిస్తుంది. సీసం ఒంటికి విషమన్న సంగతి ఆ రోజుల్లో పట్టించుకున్న వాళ్లు తక్కువ. అదే చేత్తో బీడీ వెలిగించుకునేవారు.

ఇంత చేసినా దూరపు మాటకు ట్రంకు బుక్ చేసుకుని కూర్చోవలసిందే. దేశంలో మొదటి ఎస్‌టీడీ 1960లో లక్నో-కాన్పూరు మధ్య మొదలైంది. మన పల్లెలకు ఫోను నిజంగా చేరింది ప్రభుత్వ టెలికాం పరిశోధన సంస్థ సీ-డాట్ వాళ్ల చిన్న గ్రామీణ ఎక్స్ఛేంజీల పుణ్యమాని. వాటిలో మొదటిది 1986లో కర్ణాటకలోని కిత్తూరులో పెట్టారు. ఏసీ గది అక్కర్లేకుండా వంద పైచిలుకు లైన్లను నడిపే ఆ పెట్టె వచ్చాక మలికిపురంలోనైనా, ఆచంటలోనైనా ఎక్స్ఛేంజీ పెట్టడం పెద్ద పని కాకుండా పోయింది. ఆ ఎక్స్ఛేంజీని పట్నంతో కలిపే దారి మాత్రం ఇరుకుగానే ఉండిపోయింది. రాగి జతల్లో గొంతు పీలగా వినపడేది, రేడియో లింకులు గాలివానకు తడబడేవి. గాజు తీగ కోసం ఎదురుచూపు అక్కడ మొదలైంది.

మధ్యలో జెల్లీ కేబుల్ గురించి చెప్పకపోతే అన్యాయం. 1980ల నుంచి కాగితం స్థానంలో ప్లాస్టిక్ పూత, సందుల్లో నీరు చొరకుండా జెల్లీ, సీసం స్థానంలో మంట చూపిస్తే ముడుచుకుని బిగుసుకునే స్లీవులు వచ్చాయి. వీటితో పాటు రంగుల లెక్క కూడా: నీలం, నారింజ, ఆకుపచ్చ, గోధుమ, బూడిద. ఇంగ్లిషు రాని మజ్దూరు కూడా ఈ వరస నిద్రలో లేపి అడిగినా అప్పజెప్పేవాడు. గాజు కేబుల్ వచ్చినప్పుడు కూడా మొదటి అయిదు రంగులూ ఇవే, అదే వరసలో. పాత కాపు కొత్త పనిలోకి దిగడానికి ఆ కాస్త పరిచయం చాలా అక్కరకొచ్చింది.

1996 నవంబరు 6 రాత్రి వచ్చిన తుపాను కోనసీమను ఏం చేసిందో ఆ తరం వాళ్లకు ఎవరూ చెప్పనక్కర్లేదు. వెయ్యి మందికి పైగా పోయారు. కొబ్బరి తోటలు తోటలే పడుకున్నాయి. చెట్టు పడితే స్తంభం పడుతుంది, స్తంభంతో పాటు మాట పడిపోతుంది. బతికున్నామని బయటి ఊళ్లలోని పిల్లలకు చెప్పుకోవడానికి కూడా దారి లేని రోజులవి. పైన కట్టిన తీగకు ఈ నేల మీద ఎంత ఆయుష్షో ఆ రాత్రి చెప్పింది. ఆ పాఠాన్ని మనం ఎంతకాలం గుర్తుంచుకున్నామన్నది వేరే సంగతి. దానికి వస్తాను.

గాజులోంచి వెలుగును దూరం పంపవచ్చని 1966లో చార్లెస్ కావో, జార్జ్ హాకమ్ లెక్క వేసి చూపించారు. కిలోమీటరు దాటాక నూటికి ఒక వంతు వెలుగు మిగిలినా చాలు, టెలిఫోనుకు పనికొస్తుందన్నారు. అప్పటి గాజులో ఆ మాత్రం కూడా మిగిలేది కాదు. 1970లో అమెరికాలోని కార్నింగ్ కంపెనీలో మౌరర్, కెక్, షుల్జ్ అనే ముగ్గురు ఆ గీత దాటారు. ఇవాళ్టి గాజు పోగులో నూరు కిలోమీటర్లు పోయాక కూడా ఆ నూటికి ఒక వంతు మిగులుతుంది. గాజు పోగులో వెలుగు పంపే దారి చూపినందుకు కావోకు 2009లో నోబెల్ వచ్చింది. మన దేశంలో మొదటిసారి 1979లో పూణేలో రెండు ఎక్స్ఛేంజీల మధ్య ఇలాంటి లింకు వేశారు. తర్వాత పదిహేనేళ్లలో జాతీయ రహదారుల వెంట తవ్వకాలు మొదలయ్యాయి. ఇప్పుడు 16 అని పిలిచే అప్పటి అయిదో నంబరు రహదారి కూడా అందులో ఒకటి. 2000లో బీఎస్ఎన్ఎల్ ఏర్పడింది. అదే ఏడాది రైలు పట్టాల వెంట గాజు వేయడానికి రైల్‌టెల్ పుట్టింది. 2002 డిసెంబరులో రిలయన్స్ సెల్‌ఫోన్లు వచ్చేసరికి ఒకే రోడ్డు మార్జిన్‌లో నలుగురైదుగురి పైపులు పక్కపక్కన పడుకుని ఉన్నాయి.

టెలికాం శాఖ నిబంధన ప్రకారం కేబుల్ నేలలో 165 సెంటీమీటర్ల లోతున, పీఎల్‌బీ అనే ప్లాస్టిక్ పైపులో పోవాలి. డ్రమ్ముకు రెండు కిలోమీటర్ల కేబుల్. అంటే రెండు కిలోమీటర్లకో జాయింటు. రాజమండ్రి నుంచి కాకినాడ అరవై కిలోమీటర్ల పైమాటే అనుకుంటే దారిలో ముప్ఫై జాయింట్లు తప్పవు. ఒక్కో అతుకులో నష్టం 0.05 డెసిబెల్ అయితే మొత్తం మీద ఒకటిన్నర, లెక్కలోకి కూడా రాదు. అదే ఒక్కోటీ 0.3 అయితే తొమ్మిది. తొమ్మిది డెసిబెల్స్ పోతే వెలుగులో ఎనిమిదో వంతే మిగులుతుంది. కార్నింగ్ శాస్త్రవేత్తలు గాజులో సాధించినదాన్ని బద్ధకస్తుడైన జాయింటర్ గట్టు మీద కూర్చుని పోగొట్టగలడు.

ఆ పని దగ్గరగా చూడవలసిందే. పైపూత తీసేస్తే పోగు మందం 125 మైక్రాన్లు, తల వెంట్రుక కంటే కాస్త లావు. అందులో వెలుగు నడిచే నడిగర్భం తొమ్మిది మైక్రాన్లే. అలాంటి రెండు గర్భాలు ఒకదానికొకటి సూటిగా రావాలి. ముందు కేబుల్ పై తోలు ఒలుస్తారు. లోపలి గొట్టాల్లోని జెల్లీని తుడుస్తారు. అది సరిగా తుడవకపోతే ఆ జిడ్డు చివరిదాకా వెంటాడుతుంది. పోగుకు స్లీవు ముందే తొడగాలి. అతికేశాక గుర్తొస్తే మళ్లీ తెంచుకోవడమే గతి, కొత్తవాళ్లందరూ ఒకసారైనా చేసే పొరపాటిది. రంగు పూత ఒలిచి, స్పిరిట్‌లో తడిపిన మెత్తటి గుడ్డతో తుడిస్తే గాజు కిచకిచమంటుంది. ఆ చప్పుడు వస్తేనే శుభ్రమైనట్టు. తర్వాత క్లీవర్. వజ్రపు అంచో, గట్టి లోహపు బ్లేడో పోగు మీద గీత పెడుతుంది, పోగు ఆ గీత దగ్గర విరుగుతుంది. కోసిన ముఖం నిటారుగా ఉండాలి, ఒక డిగ్రీ వాలినా అతుకు మంచిది కాదు. పని మొత్తంలో అసలు ఒడుపు ఇక్కడే ఉంది. మిగతాది యంత్రం చూసుకుంటుంది.

యంత్రం లోపల రెండు కొసలూ ఎదురెదురుగా చేరతాయి. తెర మీద రెండు బూడిదరంగు కడ్డీల్లా కనిపిస్తాయి. మూత వేసి మీట నొక్కితే ఎలక్ట్రోడ్ల మధ్య మెరుపు పుడుతుంది, రెండువేల డిగ్రీల దరిదాపుల్లో గాజు కరిగి ఒకటవుతుంది. ఆ తర్వాత యంత్రమే కాస్త లాగి చూస్తుంది, నష్టం ఎంతో అంచనా చెబుతుంది. స్టీలు పుల్ల ఉన్న స్లీవును అతుకు మీదికి జరిపి వేడి గదిలో పెడితే ముడుచుకుని బిగుస్తుంది. ఇదంతా నిమిషం, రెండు నిమిషాల పని. 24 పోగులుంటే 24 సార్లు. జులై నెలలో ఆలమూరు కాలవ గట్టు మీద, నెత్తిన గొడుగు, కింద టార్పాలిన్, చుట్టూ దీపప్పురుగులు. ఫ్యాను పెడితే దుమ్ము లేస్తుంది, పెట్టకపోతే చెమట చుక్క పోగు మీద పడుతుంది. గాలిలో తేమ మారినా మెరుపు తీరు మారుతుంది కనుక పని మొదలెట్టే ముందు ఆర్క్ టెస్ట్ చేసుకోవాలని తయారీదారు చెబుతాడు. అర్ధరాత్రి లింకు తెగి పైఅధికారులు ఫోన్ల మీద ఫోన్లు చేస్తున్నప్పుడు ఆ మాట ఎందరికి గుర్తుంటుందో చెప్పలేను.

పని చేసేవాడి ఒంటికి ప్రమాదాలు కూడా మారాయి. సీసం పొగ పోయింది, గాజు ముక్క వచ్చింది. క్లీవర్ విరిచిన కొస బియ్యపు గింజంత ఉంటుంది, కంటికి ఆనదు, చర్మంలో గుచ్చుకుంటే బయటికి తీయడం కష్టం. ఎక్స్‌రేలో కూడా కనపడకపోవచ్చు. అందుకే ప్రతి ముక్కనూ మూత ఉన్న డబ్బాలో వేయాలి, కళ్లద్దాలు పెట్టుకోవాలి, పని చోట తినకూడదు, తాగకూడదు. టార్పాలిన్ మీదే టిఫిన్ పొట్లాం విప్పే జాయింటర్లను నేను చాలామందినే చూశాను. రెండోది వెలుగు. పోగులో నడిచే 1310, 1550 నానోమీటర్ల వెలుగు కంటికి కనపడదు. వెలుగు లేదనుకుని కొసను కంటి దగ్గర పెట్టుకుని చూసినవాడికి నొప్పి తెలియకుండానే కంటికి దెబ్బ తగలవచ్చు. పవర్ మీటరు పెట్టి లైను చల్లబడిందని నమ్మకం కుదిరాకే కొసను ముట్టుకోవాలి. మైక్రోస్కోపుతో చూసేటప్పుడు మరీను.

మూడోది ఈ గడ్డకే చెందిన ప్రమాదం. స్ప్లైసింగ్ యంత్రం పుట్టించేది నిప్పురవ్వ. కృష్ణా-గోదావరి బేసిన్‌లో నేల కింద గ్యాసు పైపులు కూడా పరుచుకుని ఉన్నాయి. 1995 జనవరిలో పాశర్లపూడి గ్యాసు బావి అంటుకుని రెండు నెలలు మండింది. 2014 జూన్ 27న నగరం అనే ఊళ్లో గ్యాసు పైపు పేలి ఇరవై మందికి పైగా చనిపోయారు. వాటికీ కేబుల్ పనికీ సంబంధం లేదు. అయితే అలాంటి పైపుల దగ్గరున్న చాంబర్ మూత తీసి, వెంటనే లోపల కూర్చుని మెరుపు కొట్టడం ప్రాణంతో చెలగాటం. మూత తీసి గాలి ఆడనివ్వాలి, గ్యాసు డిటెక్టరుతో చూడాలి, కేబుల్‌ను పైకి లాగి గట్టు మీదే అతకాలి. చాంబర్ దగ్గర పది మీటర్లు అదనపు కేబుల్ చుట్టి పెట్టేది అందుకే. తుడవడానికి వాడే స్పిరిట్ కూడా మండేదే. అది ఆరకముందే మీట నొక్కకూడదు.

అతికేశాక అసలు తీర్పు ఓటీడీఆర్ అనే పరికరం ఇస్తుంది. ఒక కొస నుంచి వెలుగు తునకలు పంపి, వెనక్కి తిరిగొచ్చే మసక వెలుగును బట్టి ఎక్కడ ఎంత నష్టమో గీత గీసి చూపుతుంది. ఇందులో ఓ తమాషా ఉంది. రెండు వేర్వేరు కంపెనీల పోగులు కలిసిన చోట గీత కిందికి దిగాల్సింది పోయి పైకి లేస్తుంది, అతుకులో వెలుగు పెరిగినట్టు. వెలుగు ఎక్కడా పెరగదు. రెండో కొస నుంచి చూస్తే అదే అతుకు ఉన్నదానికంటే ఎక్కువ నష్టం చూపుతుంది. రెండిటి సగటే నిజం. ఒక్క వైపు నుంచే చూసి సంతకం పెట్టడం మన దగ్గర మామూలే. రెండో కొసకు వెళ్లాలంటే జీపుకు డీజిలు కావాలి మరి. ఇంకో చిక్కు: ఫాల్టు పన్నెండున్నర కిలోమీటర్ల దగ్గర అని యంత్రం చెబితే అది పోగు పొడవు. రోడ్డు మీద మైలురాయి లెక్క కాదు. కేబుల్ లోపల పోగు మెలికలు తిరుగుతుంది, ప్రతి జాయింటు దగ్గరా చుట్టలుంటాయి. ఏ జాయింటు దగ్గర ఎంత చుట్ట ఉందో రిజిస్టరులో రాసుకున్నవాడు గంటలో గొయ్యి తవ్వుతాడు. రాసుకోనివాడు తెల్లారేదాకా తవ్వుతూనే ఉంటాడు. పాత లైన్‌మన్ రిటైరైతే ఆ రిజిస్టరు కూడా ఆయనతో పాటే ఇంటికి పోయిన సబ్ డివిజన్లున్నాయి.

నీటి సంగతి. 1986 ఆగస్టులో గోదావరికి వచ్చింది రికార్డులకెక్కిన పెద్ద వరద. భద్రాచలం దగ్గర 75.6 అడుగులు, ధవళేశ్వరంలో 35 లక్షల క్యూసెక్కులు. 2022 జులైలో మళ్లీ భద్రాచలంలో 71 అడుగులు దాటి, ధవళేశ్వరంలో 25 లక్షలు దాటింది. లంక గ్రామాలు రోజుల తరబడి నీళ్లలో ఉన్నాయి. నీళ్లకు గాజు తడవదు, షార్టవదు. అదే గొప్ప అనుకుంటారు. తేమ గాజును మరోరకంగా తింటుంది. వంపులో బిగుసుకున్న పోగు మీద కంటికి కనపడని గీత ఉంటే, నీటి తేమ తగిలి ఆ గీత నెమ్మదిగా లోతవుతుంది. నెలలు గడిచాక, వరద సంగతి అందరూ మర్చిపోయాక, ఏ చలికాలపు ఉదయమో పోగు విరుగుతుంది. అతుకులను మూసి ఉంచే డబ్బా, అంటే క్లోజర్, రబ్బరు సీలు సరిగా కూర్చోబెట్టకపోవడం, ట్రేలో పోగును మూడు సెంటీమీటర్ల వ్యాసార్థం కంటే చిన్నగా చుట్టడం, ఈ రెండు తప్పులూ అతికిన రోజున ఏ యంత్రానికీ దొరక్కపోవచ్చు. బిగిసిన వంపును కనిపెట్టే ఉపాయం మాత్రం ఒకటుంది. 1310 దగ్గరా 1550 దగ్గరా విడివిడిగా చూస్తే, వంపు నష్టం 1550లోనే ఎక్కువగా బయటపడుతుంది.

ఎలుకలు, జేసీబీల గురించి ఎక్కువ చెప్పను. వరిచేలో ఎలుకల బుట్టలు పెట్టే దేశంలో గట్టు కింద కేబుల్‌ను ఎలుక కొరకడం వింతేం కాదు. జేసీబీ అంతకంటే పెద్ద ఎలుక. తవ్వేముందు కింద ఎవరి ఆస్తి ఉందో తెలుసుకోవడానికి 2023 మార్చిలో కేంద్రం ఒక యాప్ విడుదల చేసింది. కాలవ పూడిక తీసే కాంట్రాక్టరు ఆ యాప్ తెరిచి చూసిన రోజున పండగే.

ఇక 1996 పాఠం. 2015లో ఆంధ్రప్రదేశ్ ఫైబర్‌నెట్ సంస్థ పెట్టినప్పుడు కేబుల్‌ను నేలలో వేయకుండా కరెంటు స్తంభాల మీద కట్టాలని నిర్ణయించారు. నేలలో వేస్తే వేల కోట్లు, స్తంభాల మీద కడితే 333 కోట్లు. లెక్క ఎవరికైనా నచ్చుతుంది. 2016 డిసెంబరు చివర్లో సఖినేటిపల్లి మండలం మోరి గ్రామంలో ముఖ్యమంత్రి చంద్రబాబు నాయుడు ఈ సేవను మొదలుపెట్టారు. నెలకు 149 రూపాయలకు ఇంటర్నెట్, టీవీ, ఫోను. ఏడాది తర్వాత 2017 డిసెంబరు 27న రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ రాష్ట్రమంతటి నెట్‌వర్కును జాతికి అంకితం చేశారు. అదే నెలలో గూగుల్ వాళ్ల ఎక్స్ సంస్థతో, తీగే లేకుండా గాలిలో వెలుగు పంపే రెండువేల లింకులకు ఒప్పందం కుదిరింది. అతుకుల పీడే ఉండదన్నమాట. అయితే ఆ వెలుగుకు మంచు అడ్డం, సంక్రాంతి నెలలో కోనసీమ మంచు ఎలా ఉంటుందో తెలిసిందే.

స్తంభాల మీద కట్టడం పూర్తిగా తప్పని నేననను. తొందరగా ఇంటింటికీ చేరింది. తెగితే కంటికి కనపడుతుంది, గొయ్యి తవ్వక్కర్లేదు. చవకగా చేరకపోతే మోరిలో జీడిపప్పు అమ్ముకునేవాడి ఇంటికి అసలు చేరేదే కాదు. అయితే అతుకు మళ్లీ నేల వదిలి గాలిలోకి లేచింది. 2018 డిసెంబరులో పెథాయ్ తుపాను కాట్రేనికోన దగ్గరే తీరం దాటింది. కొబ్బరి మట్ట పడ్డా ఊగే కేబుల్‌కు గుమ్మటం లాంటి క్లోజర్ వేలాడుతూ ఉంటుంది. ఆ ఊపంతా లోపలి పోగు మీద పడకుండా కేబుల్ నడిమి కడ్డీని క్లోజర్‌లో గట్టిగా బిగించాలి. తొందరలో వదిలేసే పని అదే. పైగా ఆ స్తంభం మీద కరెంటు నడుస్తోంది. కరెంటు వాళ్ల దగ్గర లైన్ క్లియర్ (ఎల్‌సీ) తీసుకోనిదే స్తంభం ఎక్కకూడదు. ఎల్‌సీ అడిగితే ఫీడరు ఆపాలి, ఫీడరు ఆపితే ఊరు తిడుతుంది. కింద లైను కదా, పైన పదకొండు కేవీ కదా, ఏం కాదులే అని ఎక్కే కుర్రాళ్లను చూస్తే గుండె జారుతుంది.

ఆ కుర్రాళ్లెవరు? ఇక్కడే చరిత్ర వెనక్కి నడిచిందనిపిస్తుంది. పాత కేబుల్ స్ప్లైసర్‌కు పేస్కేలు ఉండేది, శిక్షణ ఉండేది, గుడారం ఇచ్చేవారు. ఆ హోదాను లైన్‌మన్లతో కలిపి ఫోన్ మెకానిక్ చేశారు, తర్వాత పదవీ విరమణలతో ఆ తరం పోయింది. ఇప్పుడు స్ప్లైసింగ్ ఎక్కువగా కాంట్రాక్టరు కింద సబ్ కాంట్రాక్టరు మనుషులది. కోర్‌కింత, అంటే అతికిన పోగుకింత, అని కూలి. కోర్‌కింత అన్నప్పుడు తుడవడానికి పట్టే టైముకు డబ్బు లేదు, రెండో కొస నుంచి చూడ్డానికి లేదు, రిజిస్టరు రాయడానికి అసలే లేదు. యంత్రం లక్షల ఖరీదు చేస్తుంది, అరిగిన ఎలక్ట్రోడ్లు, మొండిబారిన బ్లేడు మార్చుకోవడం సొంత ఖర్చు. కుర్రాళ్ల చేతిలో ఒడుపు లేదని ఎవరైనా అంటే నేనొప్పుకోను. పదో తరగతితో ఆపేసి రోజుకు వంద కోర్లు మచ్చలేకుండా అతికేవాళ్లు కూడా ఉన్నారు. వాళ్లకు ఒడుపు ఉంది, నిబంధన పాటించే వెసులుబాటు లేదు.

2020లో లాక్‌డౌన్ పడి, హైదరాబాదు బెంగళూరు ఉద్యోగులు రావులపాలెం, అమలాపురం ఇళ్లకు వచ్చి అరుగు మీద లాప్‌టాప్ పెట్టుకున్నప్పుడు ఈ అతుకుల విలువ కొంత తెలిసింది. 2022 మేలో జిల్లా పేరు మార్పు మీద అమలాపురంలో అల్లర్లు జరిగి ఇంటర్నెట్ ఆపేసినప్పుడు ఇంకో రకంగా తెలిసింది. ఒక్క పోగూ తెగలేదు, అయినా రోజుల తరబడి పని నడవలేదు. ఆ ఫాల్టు ఏ ఓటీడీఆర్‌లోనూ కనపడదు.

2023 ఆగస్టులో కేంద్రం, పంచాయతీలకు గాజు తీగ చేర్చే కొత్త భారత్‌నెట్‌కు 1.39 లక్షల కోట్లు ఆమోదించింది. అందులో మంచి మాట రింగు. ఇదివరకు బ్లాకు నుంచి పంచాయతీకి ఒకే దారి, అది తెగితే ఊరు చీకటి. ఇప్పుడు రెండు వైపుల నుంచి దారి ఉండాలన్నారు. చదును నేల మీద రింగు గీయడం తేలిక. గౌతమి, వసిష్ఠ, వైనతేయ చీల్చిన కోనసీమలో రింగు మూసుకోవాలంటే నది రెండుచోట్ల దాటాలి. దాటడానికి ఉన్నవి లెక్కపెట్టుకునేన్ని: రాజమండ్రి వంతెనలు, ధవళేశ్వరం బ్యారేజీ, జొన్నాడ, సిద్ధాంతం, చించినాడ, యానాం-యెదుర్లంక, బోడసకుర్రు. 2025 అక్టోబరులో గూగుల్ విశాఖలో డేటా సెంటరు ప్రకటించింది, సముద్ర కేబుళ్లు కూడా అక్కడికి వస్తాయంటున్నారు. విశాఖలో ఒడ్డెక్కిన వెలుగు తీరం వెంట చెన్నై వైపు నేల మీద పోవాలంటే ఈ వంతెనల్లో ఏదో ఒకటి ఎక్కక తప్పదు. రింగులో రెండు చేతులూ సిద్ధాంతం వంతెన ఒకే రెయిలింగుకు కట్టిన రెండు జీఐ పైపుల్లో పోతుంటే, ఒక్క లారీ చాలు రెండూ తెగడానికి. సఖినేటిపల్లికీ నరసాపురానికీ మధ్య ఇప్పటికీ పంటే గతి. అక్కడ వంతెన వచ్చేటప్పుడు స్లాబు లోపల కేబుల్ డక్టును, రెండు ఒడ్డులా వరద గీతకు పైన జాయింటు చాంబర్లను డిజైనులోనే గీస్తారా, లేక కట్టేశాక ఎవరో కాంట్రాక్టరు క్లాంపులు తెచ్చి రెయిలింగుకు పైపు బిగిస్తాడా అన్నది టెండరు పిలిచే ముందే అడగవలసిన ప్రశ్న.